మినారు మీద మైకు ఎవరిది?



2020 మే 20. రంజాన్ నెల చివరికొచ్చింది. కరోనా వల్ల మసీదుల్లో సామూహిక నమాజులు ఆగిపోయి ఉన్నాయి. టర్కీ పడమటి తీరాన ఇజ్మీర్ అనే పెద్ద నగరం ఉంది. ఆ రోజు అక్కడ కొన్ని మినార్ల స్పీకర్లలోంచి అజాన్‌కు బదులు ఒక ఇటలీ పాట వినిపించింది. పేరు 'బెల్లా చావ్'. ఫాసిస్టుల మీద తిరగబడ్డవాళ్ల పాటగా దానికి పేరు. మన ఇళ్లలో పిల్లలకు కూడా ఒక స్పానిష్ వెబ్ సిరీస్ పుణ్యాన తెలుసు. వీధిలో నడిచేవాళ్లు తలెత్తి చూశారు, ఫోన్లలో రికార్డు చేశారు. అపచారం జరిగిందని కొందరు మండిపడ్డారు, కొందరు నవ్వుకున్నారు. పోలీసులు కేసు పెట్టారు. ఆ వీడియోను నలుగురికీ పంపిన ప్రతిపక్ష పార్టీ నాయకురాలు ఒకామెను అరెస్టు చేశారు.

ఎవరు చేశారన్నది పక్కన పెడదాం. నాకు వచ్చిన సందేహం వేరు. అన్ని మసీదుల్లోకి ఒకేసారి ఎలా దూరగలిగారు?

జవాబు రేడియో వినేవాళ్లకు ఇట్టే అర్థమవుతుంది. టర్కీలో చాలా ఊళ్లలో అజాన్ ఒకచోటి నుంచే వస్తుంది. ఒక మసీదులో మౌజన్ పిలుస్తాడు, ఆ గొంతును ప్రసారం చేస్తారు, మిగతా మసీదులు దాన్ని అందుకుని తమ మైకుల్లో వినిపిస్తాయి. ఊరంతటికీ ఒకటే స్టేషను. ఆ స్టేషన్లోకి ఎవరో దూరారు.

హైదరాబాద్ పాతబస్తీలో సాయంత్రం ఏదైనా మేడ మీద నిలబడి చూడండి. ఒక మసీదులో అజాన్ అందుకుంటారు. అది సగంలో ఉండగానే రెండో వీధిలో మరొకటి, దాని వెనకే ఇంకొకటి. ఒక గొంతు లేతగా ఉంటుంది, ఒకటి వయసు మీద పడి వణుకుతుంటుంది. ఒక్కో మసీదుకు ఒక కమిటీ, వాళ్ల మౌజన్ వాళ్లకు. టర్కీలో అలా కాదు. అక్కడ మౌజన్ ప్రభుత్వోద్యోగి. ఇమామ్ కూడా అంతే. జీతం, బదిలీ, పింఛను అన్నీ ఉంటాయి. శుక్రవారం నమాజులో ఇమామ్ చేసే ప్రసంగం కూడా దేశమంతటికీ ఒకే కార్యాలయం నుంచి తయారై వస్తుంది. ఆ కార్యాలయం పేరు దియానెత్, అంటే మత వ్యవహారాల శాఖ. దానిలో లక్షమందికి పైగా సిబ్బంది ఉన్నారు.

ఇది ఏ మతరాజ్యం గురించో చెబుతున్న మాట కాదు. టర్కీ రాజ్యాంగం రెండో అధికరణం మాది లౌకిక రిపబ్లిక్ అంటుంది. నాలుగో అధికరణం ఆ మాటను మార్చడానికి వీల్లేదు, మార్చాలని ప్రతిపాదించడానికి కూడా వీల్లేదు అంటుంది. జనాభాలో అత్యధికులు ముస్లింలు. రాజ్యం సెక్యులర్. ఇమామ్‌కు జీతమిచ్చేది ఆ రాజ్యమే. ఈ మూడూ ఒకే ఇంట్లో ఎలా కాపురం చేస్తున్నాయన్నదే ఇవాళ్టి ముచ్చట.

'తురక' అన్న మాట మనకు తురుష్కుల నుంచే వచ్చింది. శతాబ్దాలుగా తెలుగువాళ్లం ముస్లిం అనడానికి టర్కు అన్నట్టే. మన ఊళ్లలో నమాజు చేసుకునేవాళ్లలో ఎంతమంది తాతముత్తాతలు టర్కీ మొహం చూశారో దేవుడికే తెలియాలి. ఇవాళ ఆ మాట చాలామందికి చేదుగా తగులుతుంది, నేనూ వాడను. కానీ మాట చరిత్ర చిత్రమైనది. మనం ఏ జాతి పేరును ఒక మతానికి అంటగట్టామో, సరిగ్గా ఆ జాతే ఆ మతాన్ని రాజ్యాంగంలోంచి తీసేసిన మొదటివాళ్లలో నిలిచింది.

1924 మార్చి 3. అంకారాలోని పార్లమెంటు ఒకే రోజు మూడు చట్టాలు చేసింది. ఒకటి ఖలీఫా పదవిని రద్దు చేసింది. రెండోది బడులన్నిటినీ విద్యాశాఖ కిందికి తెచ్చింది, దాంతో మదరసాలు మూతపడ్డాయి. మూడోది ఇందాక చెప్పిన దియానెత్‌ను పుట్టించింది. ఈ మూడో చట్టాన్ని చాలామంది మర్చిపోతారు. ఖలీఫాను సాగనంపిన రోజే, ఆయన కుర్చీలో ఒక సర్కారీ ఆఫీసును కూర్చోబెట్టారు.

ఆ చివరి ఖలీఫా రెండో అబ్దుల్ మజీద్. ఆయన చిత్రకారుడు. అంతఃపురంలో ఆడవాళ్లు బీథోవెన్ సంగీతం వాయిస్తున్నట్టు ఆయన వేసిన బొమ్మ ఇప్పటికీ ఉంది. కుటుంబంతో సహా ఆయన్ని రాత్రికి రాత్రి ఇస్తాంబుల్ దాటించి, ఊరి బయటి స్టేషన్లో రైలెక్కించి స్విట్జర్లాండ్ పంపేశారు. ఆ రైల్లో పదేళ్ల కూతురు కూడా ఉంది. ఆ పిల్ల పేరు దుర్రుషెవార్.

పేరు వినగానే హైదరాబాదీలు తలూపి ఉంటారు. ఆ పిల్లే 1931లో ఫ్రాన్స్‌లోని నీస్ నగరంలో ఏడో నిజాం పెద్దకొడుకు ఆజం జాను పెళ్లాడి మన ఊరి కోడలైంది. అదే రోజు ఆ ఒట్టోమన్ వంశపు మరో అమ్మాయి నిలోఫర్‌కు రెండో కొడుకు మొజ్జం జాతో పెళ్లయింది. తన దగ్గర పనిచేసే అమ్మాయి పురుట్లో చనిపోతే తట్టుకోలేక, స్త్రీలకూ పిల్లలకూ ఆసుపత్రి కావాలని నిలోఫర్ పట్టుబట్టారు. రెడ్ హిల్స్‌లోని ఆసుపత్రికి ఆమె పేరే పెట్టారు. జ్వరమొచ్చిన బిడ్డను భుజాన వేసుకుని 'నిలోఫర్‌కు పోదాం' అని ఆటో ఎక్కే తల్లికి ఆ పేరు వెనక కూలిపోయిన ఒక సామ్రాజ్యం ఉందని తెలియాల్సిన పని లేదు. నిజాం ఆ ప్రవాసి ఖలీఫాకు నెలకు 300 పౌండ్లు పంపేవాడు. అంతకుముందు ఖిలాఫత్ నిలబడాలని గాంధీగారు, అలీ సోదరులు దేశమంతా తిరిగారు. మనవాళ్లు ఇక్కడ జైళ్లకు వెళ్లింది దేనికోసమో, దాన్ని అక్కడివాళ్లే ఒక్క ఓటింగుతో తీసేశారు. అబ్దుల్ మజీద్ 1944లో పారిస్‌లో చనిపోతే, కూతురు ఎంత ప్రయత్నించినా టర్కీ ఆయన శవాన్ని రానివ్వలేదు. పదేళ్లకు మదీనాలో మట్టి దొరికింది.

ఇక టోపీల సంగతి. హైదరాబాద్ నవాబుల పాత ఫొటోల్లో నెత్తిన ఎర్రటి కుచ్చుటోపీ కనిపిస్తుంది, రూమీ టోపీ. మనవాళ్లు దాన్ని ముస్లిం పెద్దమనిషి గుర్తుగా పెట్టుకునే రోజుల్లోనే, 1925 నవంబరులో, రిపబ్లిక్‌ను స్థాపించిన ముస్తఫా కెమాల్ ప్రభుత్వం టర్కీలో దాన్ని నిషేధించింది. అంచున్న యూరపు టోపీయే పెట్టుకోవాలంది. సజ్దాలో నుదురు నేలకు ఆనించాలంటే ఆ అంచు అడ్డం. తిరగబడ్డ ఊళ్లలో కొందరిని ఉరి తీశారు కూడా. దీనికి ముందుకథ ఒకటుంది. అసలు ఆ కుచ్చుటోపీ కూడా పాత ఆచారమేమీ కాదు. 1829లో సుల్తాన్ రెండో మహమూద్ ఉద్యోగుల తలపాగాలు తీయించి బలవంతంగా దాన్ని పెట్టించాడు. అప్పుడు కొత్త టోపీ మీద గొణిగినవాళ్ల మునిమనవలు, వందేళ్ల తర్వాత దాన్నే మతచిహ్నమని గుండెలకు హత్తుకున్నారు.

తర్వాతి మార్పులు తరుముకొచ్చాయి. 1926లో స్విట్జర్లాండ్ నుంచి తెచ్చుకున్న పౌరస్మృతి వచ్చింది, బహుభార్యాత్వం పోయింది. 1928లో ఇస్లాం రాజ్యమతమన్న వాక్యాన్ని తొలగించారు, లిపి మారింది. 1934లో ఆడవాళ్లకు పార్లమెంటు ఎన్నికల్లో ఓటు వచ్చింది. 1937లో 'లౌకిక' అన్న మాట రాజ్యాంగంలోకి ఎక్కింది. ఆడవాళ్ల విషయంలో ఇవి చిన్న అడుగులు కావు, ఫ్రాన్స్‌లో అప్పటికి వాళ్లకు ఓటే లేదు. ఆ మేలును కాదనేవాళ్లు ఎక్కువమంది ఉండరు.

చిక్కంతా అజాన్ దగ్గర వచ్చింది. అరబ్బీలో వద్దు, టర్కిష్‌లో పిలవండి అన్నారు 1932లో. 'అల్లా' బదులు 'తన్రి' అనాలి. తన్రి అంటే ఇస్లాంకు ముందు స్టెప్పీ మైదానాల్లో తిరిగినప్పుడు టర్కులు మొక్కిన ఆకాశ దేవుడి పేరు. ఆ ఫిబ్రవరిలో, రంజాన్ పెద్దరాత్రి నాడు, ఇస్తాంబుల్‌లో అప్పటికింకా మసీదుగానే ఉన్న అయా సోఫియాలో వేలమంది చేరారు. ఆ రాత్రి ప్రార్థనను రేడియోలో ప్రత్యక్షంగా వినిపించారు. మతాన్ని దేశభాషలోకి తెచ్చామని చాటడానికి వాళ్లు ఎంచుకున్న సాధనం కూడా, చూశారా, మన రేడియోనే.

దేవుడి మాట సొంత భాషలో వినాలన్న కోరికలో తప్పేమీ లేదు. పోతన భాగవతాన్ని తెలుగులో రాయకపోతే గజేంద్రుడి మొర మనకింత దగ్గరయ్యేదా? కానీ పోతన వెనక పోలీసులు లేరు. రేపటి నుంచి సుప్రభాతం అచ్చతెలుగులోనే పాడాలి, సంస్కృతంలో పాడితే మూడు నెలలు జైలు అని ఒక జీవో వచ్చిందనుకోండి. తెలుగంటే ప్రాణమిచ్చేవాళ్లు కూడా తలుపులు వేసుకుని సంస్కృతంలోనే పాడతారు. టర్కీలో జరిగింది అదే. 1933లో బుర్సాలో గొడవలయ్యాయి. 1941లో అరబ్బీలో అజాన్ ఇస్తే మూడు నెలల వరకు జైలని చట్టం తెచ్చారు. ఒక్క మాటకు మాత్రం ఎవరికీ తగిన టర్కిష్ మాట దొరికినట్టు లేదు. 'ఫలాహ్', అంటే మేలు, సాఫల్యం, మోక్షం, అన్నీ కలిసిన మాట. దాన్ని అరబ్బీలోనే ఉండనిచ్చారు.

1950 మేలో తొలిసారి నిజమైన పోటీ ఉన్న ఎన్నికల్లో అద్నాన్ మెండెరెస్ పార్టీ గెలిచింది. జూన్ 16న, రంజాన్ మొదలవబోతుండగా, ఆ నిషేధాన్ని ఎత్తేసింది. కెమాల్ పెట్టిన పార్టీ కూడా ఎదురు చెప్పలేదు. పద్దెనిమిదేళ్ల టర్కిష్ అజాన్ ఆ సాయంత్రంతో సరి. మళ్లీ తెమ్మని ఇవాళ గట్టిగా అడిగే పార్టీ కూడా లేదు.

నిషేధం పోయింది గానీ మౌజన్ జీతం అలాగే ఉంది, గమనించారా? దియానెత్‌ను ఎవరూ ముట్టుకోలేదు. మెండెరెస్ ముట్టుకోలేదు, 1960లో ఆయన్ని దింపి ఆ తర్వాతి ఏడాది ఉరి తీసిన సైన్యమూ ముట్టుకోలేదు. 1980లో వచ్చిన సైనిక పాలకులైతే 1982 రాజ్యాంగంలో బడిలో మత పాఠాలను తప్పనిసరి చేశారు. వామపక్షాలకు విరుగుడుగా కాస్త మతం ఉంటే మంచిదని వాళ్ల లెక్క. లౌకికత్వానికి మేమే కాపలా అని చెప్పుకునే సైన్యం చేసిన పని ఇది.

మనకూ దేవాదాయ శాఖ ఉంది కదా, గుళ్లకు ఈవోలను వేస్తాం కదా అని మీలో కొందరు అనుకుంటూ ఉంటారు. నిజమే, ఇమామ్‌లకు గౌరవవేతనం, అర్చకులకు ధూపదీప నైవేద్యాల పథకం రెండు రాష్ట్రాల్లోనూ ఉన్నాయి. అయితే మన ఈవో హుండీ లెక్క చూస్తాడు గానీ, అర్చకుడు భక్తుడికి ఏం బోధించాలో రాసివ్వడు. టర్కీ రాసిచ్చింది. తేడా అక్కడుంది. ఆ తేడా ఎప్పటికీ ఉంటుందా అంటే మాత్రం పందెం కాయలేను.

ఇప్పుడు తలగుడ్డ దగ్గరికి వద్దాం. 1999 మే 2. కొత్త పార్లమెంటులో ప్రమాణ స్వీకారాలు జరుగుతున్నాయి. మెర్వే కవాక్చి అనే కొత్త సభ్యురాలు తలకు వస్త్రం కట్టుకుని లోపలికి వచ్చారు. సభ సగం లేచి బల్లలు చరిచింది, 'బయటికి, బయటికి' అని కేకలు. ప్రధాని బులెంత్ ఎజెవిత్ వేదికెక్కి, ఇది రాజ్యాన్ని సవాలు చేసే చోటు కాదు, ఈమెకు హద్దు చెప్పండి అన్నారు. ఆమె ప్రమాణం చేయకుండానే వెళ్లిపోయారు, తర్వాత పౌరసత్వం కూడా పోయింది. ఈ ఎజెవిత్ ఎవరో తెలుసా? కుర్రవాడిగా ఉండగానే టాగోర్ గీతాంజలిని టర్కిష్‌లోకి అనువదించినవాడు. కవి, సౌమ్యుడని పేరు. టాగోర్‌ను అంత ప్రేమించిన మనిషికి, ఎదురుగా నిలబడ్డ ఆడమనిషి తల మీది గుడ్డలో రాజ్యానికి ముప్పు కనిపించింది. ఆ సంగతి చదివినప్పుడల్లా నాకు ఏమీ పాలుపోదు.

విశ్వవిద్యాలయాల్లో అప్పటికే నిషేధం ఉంది. ఇస్తాంబుల్ విశ్వవిద్యాలయంలో 'నచ్చచెప్పే గదులు' అని పెట్టి, అడ్మిషన్‌కు వచ్చిన ఆడపిల్లలను కూర్చోబెట్టి గుడ్డ తీయమని బుజ్జగించేవారు. కొందరు పిల్లలు గుడ్డ మీద విగ్గు పెట్టుకుని క్లాసుకు వెళ్లారు. జుట్టు కనపడకూడదన్నది వాళ్ల నియమం, జుట్టు కనపడాలన్నది రాజ్యం నియమం. మధ్యేమార్గంగా ఎవరిదో జుట్టు. లేలా షాహిన్ అనే వైద్య విద్యార్థిని ఐరోపా మానవహక్కుల కోర్టు దాకా వెళ్లింది. 2005లో పదిహేడుమంది జడ్జీల్లో పదహారుమంది నిషేధం సబబే అన్నారు.

2002లో మతవాద మూలాలున్న ఎర్దోవాన్ పార్టీ గెలిచింది. 2013 అక్టోబరులో ప్రభుత్వ ఉద్యోగినుల మీద నిషేధం తొలగింది, నెలాఖరున నలుగురు మహిళా సభ్యులు తలగుడ్డతో పార్లమెంటులో కూర్చున్నారు. ఈసారి ఎవరూ బల్లలు చరచలేదు. మెర్వే కవాక్చి తర్వాత మలేసియాలో టర్కీ రాయబారి అయ్యారు. ఇంతవరకు ఇది ఒక అన్యాయాన్ని సరిదిద్దిన కథే. ఆ అమ్మాయిలకు చదువు దక్కింది, కొలువు దక్కింది, నాకు సంతోషమే.

ఆ తర్వాతే అసలు కథ. కొత్త పాలకులు రాజ్యం చేతిలోని పాత పనిముట్లను పారేయలేదు. ఆ దియానెత్‌నే ఇంకా పెంచారు. 2016 జూలై 15 రాత్రి సైన్యంలో ఒక వర్గం తిరుగుబాటుకు దిగితే, దేశమంతా మినార్ల నుంచి 'సలా' వినిపించింది. మామూలుగా మరణవార్త చెప్పేటప్పుడు, శుక్రవారం నమాజుకు ముందు చదివేది అది. ఆ నడిరాత్రి అది జనాన్ని వీధుల్లోకి రమ్మని పిలిచింది. జనం వచ్చారు, ట్యాంకులకు అడ్డం నిలబడ్డారు, తిరుగుబాటు విఫలమైంది. ఎన్నికైన ప్రభుత్వం నిలబడటం మంచిదే. కానీ ఒక్క ఆఫీసు నుంచి ఒక్క ఆదేశం పోతే, దేశంలోని మినార్లన్నీ ఒకే గొంతుతో పలకగలవని ఆ రాత్రి అందరికీ అర్థమైంది. ఆ ఏర్పాటు చేసిపెట్టింది కెమాల్ కాలమే, వాడుకున్నది మరొకరు.

2020 జూలై 10న అయా సోఫియా మళ్లీ మసీదైంది. 537లో చర్చిగా, 1453లో మసీదుగా, 1935లో మ్యూజియంగా మారిన కట్టడం అది. జూలై 24న తొలి శుక్రవారం ప్రసంగానికి దియానెత్ అధిపతి చేతిలో కత్తి పట్టుకుని మెట్లెక్కారు. గెలిచిన ఊళ్లో ఖడ్గంతో ప్రసంగించడం ఒట్టోమన్ సంప్రదాయం. కానీ ఆ కత్తి పట్టింది సుల్తాన్ కాదు, లౌకిక రాజ్యం ఖజానా నుంచి జీతం తీసుకునే ఉద్యోగి.

ఇంత చేసినా జనం భక్తి పెరిగిందా అంటే, అక్కడి కొండా సర్వే సంస్థ లెక్కలు వేరేలా ఉన్నాయి. 2008లో 'మతనిష్ఠ ఉన్నవాళ్లం' అన్నవారు నూటికి 55 మంది, 2018కి 51. నాస్తికులం అన్నవాళ్లు ఒక శాతం నుంచి మూడు శాతమయ్యారు. పెద్ద మార్పేమీ కాదు. కానీ సర్కారు ఇంత సొమ్ము ఖర్చుపెట్టి పెంచినది ఇంకోవైపు తరగడం గమనించదగ్గదే.

ఈ మొత్తం గొడవలో ఎవరికీ పట్టనివాళ్లు ఒకరున్నారు, అలెవీలు. హజ్రత్ అలీని ప్రాణంగా ప్రేమించేవాళ్లు. ఆడా మగా కలిసి కూర్చుంటారు, సాజ్ అనే తీగవాద్యం మీటుతూ పాడతారు, పాటకు తగ్గట్టు గుండ్రంగా తిరుగుతారు. మన పల్లెల్లో పీర్ల పండుగకు కులమతాలు చూడకుండా హసన్ హుసేన్‌ల కోసం గుండెలు బాదుకోవడం చూసినవాళ్లకు వీళ్ల మనసు కాస్త అందుతుంది. వీళ్లలో చాలామంది మసీదుకు పోరు. వాళ్లు కూడేది జెమెవి అనే ఇంట్లో. సున్నీ సుల్తాన్ల కింద నలిగినవాళ్లు కాబట్టి, కెమాల్ రిపబ్లిక్ వస్తే ఊపిరి పీల్చుకున్నారు. ఇళ్లలో అలీ బొమ్మ పక్కన ఆయన బొమ్మ పెట్టుకున్నారు. కానీ ఆ రిపబ్లిక్ పెట్టిన దియానెత్ సున్నీ పద్ధతినే మతమంది. 1993 జూలై 2న సివాస్ పట్నంలో అలెవీల సాంస్కృతిక ఉత్సవానికి వచ్చిన కవులు, గాయకులు దిగిన హోటల్‌కు ఒక మూక నిప్పు పెట్టింది. మొత్తం 35 మంది చనిపోయారు, వాళ్లలో ఇద్దరు హోటల్ పనివాళ్లు.

అలెవీలు కోర్టుకెక్కిన కేసుల్లో ఒకటి కరెంటు బిల్లుది. టర్కీలో ప్రార్థనాస్థలాల దీపాల ఖర్చు దియానెత్ నిధి నుంచి పోతుంది. ఇస్తాంబుల్ శివార్లలోని యెనిబొస్నాలో ఒక జెమెవి నడిపే ఫౌండేషన్ మా బిల్లూ కట్టండి అని అడిగింది. జెమెవి ప్రార్థనాస్థలం కాదు, ముస్లింలకు ప్రార్థనాస్థలం మసీదే అని దియానెత్ జవాబు. ఐరోపా కోర్టు 2014లో ఇది వివక్షేనంది.

2022లో ప్రభుత్వం దిగొచ్చింది. సాంస్కృతిక శాఖ కింద అలెవీలకు ఒక కొత్త కార్యాలయం పెట్టింది. జెమెవిల దీపాల బిల్లు కడతామంది, పెద్దరికం వహించే 'దెదె'లకు కోరితే జీతం కూడా ఇస్తామంది. ప్రార్థనాస్థలమన్న గుర్తింపు మాత్రం ఇవ్వలేదు. ఇన్నేళ్లు అడిగింది దక్కిందని అలెవీలంతా పండుగ చేసుకుంటారనుకుంటాం. వాళ్ల పెద్ద సంఘాలు కొన్ని వీధికెక్కి మాకొద్దు పొమ్మన్నాయి. ఇవాళ మా బిల్లు కడతారు, రేపు మా దెదెకు జీతమిస్తారు, ఎల్లుండి ఆయన ఏం పాడాలో రాసి పంపుతారన్నది వాళ్ల భయం.